జాన్ మ్యాకీ

జాన్ మ్యాకీ (సెప్టెంబర్ 24, 1941 - జూలై 6, 2011) సుప్రసిద్ధ అమెరికన్ ఫుట్‌బాల్ క్రీడాకారుడు. ఈ క్రీడలో టైట్ ఎండ్ అనే స్థానానికి కొత్త రూపాన్నిచ్చినవారిలో ఇతడు అగ్రగణ్యుడు. 1963 నుండి 1971 వరకు బాల్టిమోర్ కోల్ట్స్ జట్టు తరఫున, 1972లో శాన్ డియేగో ఛార్జర్స్ జట్టు తరఫున ఆడాడు. క్రీడాకారుల సంఘానికి అధ్యక్షుడుగా పనిచేసి, ఆటగాళ్ళు తమకు నచ్చిన జట్టులో చేరే హక్కు కొరకు న్యాయస్థానంలో పోరాడాడు. 1992లో ప్రో ఫుట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో ఇతనికి స్థానం లభించింది. జీవిత చరమాంకంలో జ్ఞాపకశక్తిని హరించే మెదడు వ్యాధికి లోనయ్యాడు. ఇతడు ధరించిన చొక్కా సంఖ్య పేరిట ఏర్పడిన 88 పథకం, అటువంటి వ్యాధులతో బాధపడే మాజీ ఆటగాళ్ళకు ఆసరాగా నిలిచింది.

టైట్ ఎండ్ స్థానం

అమెరికన్ ఫుట్‌బాల్ మన దేశంలో ఫుట్‌బాల్ అని పిలిచే ఆటకు భిన్నమైనది. ఇందులో కోలగా ఉండే బంతిని చేత పట్టుకొని పరుగెత్తడం, విసరడం, అందుకోవడం ప్రధానం. ఒక్కొక్క జట్టు నుండి ఒకేసారి పదకొండు మంది బరిలోకి దిగుతారు. దాడి చేసే జట్టులో ముందు వరుసన నిలిచే ఐదుగురు బలిష్ఠులు ప్రత్యర్థులను అడ్డగిస్తారు. వారి వెనుక ఉండే క్వార్టర్‌బ్యాక్ బంతిని విసురుతాడు. ముందు వరుస చివర, దానిని ఆనుకొని నిలబడే ఆటగాడే టైట్ ఎండ్. ఇతడు రెండు పనులు చేయాలి. కొన్నిసార్లు బలిష్ఠులతో కలసి ప్రత్యర్థులను అడ్డగించాలి, మరికొన్నిసార్లు ముందుకు పరుగెత్తి బంతిని అందుకోవాలి.

1960కి పూర్వం ఈ స్థానంలో ఆడేవారికి అడ్డగించడమే ముఖ్యమైన పని. బంతి అందుకున్నా కొద్ది గజాల దూరంలోనే ఆట ముగిసేది. 1961లో షికాగో బేర్స్ జట్టులో ప్రవేశించిన మైక్ డిట్కా, రెండేళ్ళ తరువాత వచ్చిన జాన్ మ్యాకీ ఈ పరిస్థితిని మార్చారు. సుమారు 188 సెంటీమీటర్ల ఎత్తు, 100 కిలోలకు పైబడిన బరువు గల మ్యాకీకి చిన్నపాటి ఆటగాళ్ళకు ఉండే వేగం కూడా ఉండేది. అతనిని వెంబడించగల వేగం ఉన్నవారికి పడగొట్టే బలం చాలేది కాదు. పడగొట్టగల బలం ఉన్నవారు అతనిని అందుకోలేకపోయేవారు.

బాల్యము, విద్యాభ్యాసము

మ్యాకీ న్యూయార్క్ నగరంలో ఒక ఆఫ్రికన్ అమెరికన్ కుటుంబంలో జన్మించాడు. తండ్రి బాప్టిస్టు చర్చిలో మతబోధకుడు. లాంగ్ ఐలాండ్‌లోని రూజ్‌వెల్ట్ అనే ఊరిలో పెరిగి, హెంప్‌స్టెడ్ ఉన్నత పాఠశాలలో చదివాడు. అమెరికా నౌకాదళ అకాడమీలో ప్రవేశానికి అవకాశం వచ్చినప్పటికీ, సిరక్యూస్ విశ్వవిద్యాలయాన్ని ఎంచుకున్నాడు. అక్కడ బెన్ ష్వార్ట్స్‌వాల్డర్ శిక్షణలో విశ్వవిద్యాలయ జట్టుకు ఆడాడు. 88 సంఖ్య గల చొక్కా అక్కడే మొదలయింది.

విశ్వవిద్యాలయ వసతిగృహంలో మ్యాకీతో ఒకే గదిలో ఉన్న సహాధ్యాయి ఎర్నీ డేవిస్. డేవిస్ 1961లో, కళాశాల ఫుట్‌బాల్‌లో అత్యున్నతమైన హైస్మన్ పురస్కారం పొందిన మొదటి నల్లజాతి క్రీడాకారుడు. వృత్తి క్రీడలో ఒక్క ఆట అయినా ఆడకుండానే అతడు 1963 మే నెలలో రక్త క్యాన్సరుతో మరణించాడు. అప్పటికి అతని వయస్సు 23 సంవత్సరాలు. ఆ సంవత్సరమే మ్యాకీ వృత్తి క్రీడలో అడుగుపెట్టాడు.

మ్యాకీ భార్య సిల్వియా కూడా సిరక్యూస్ విద్యార్థినియే. వీరికి ముగ్గురు సంతానం.

కోల్ట్స్ జట్టులో

1963లో జరిగిన ఆటగాళ్ళ ఎంపికలో బాల్టిమోర్ కోల్ట్స్ జట్టు రెండవ విడతలో, మొత్తం మీద 19వ వానిగా మ్యాకీని ఎన్నుకున్నది. ఆ జట్టు ప్రధాన శిక్షకుడుగా డాన్ షులాకు కూడా అదే మొదటి సంవత్సరం. బంతిని విసరడంలో ఆ కాలపు మేటి అయిన జానీ యునైటస్ జట్టు క్వార్టర్‌బ్యాక్. తొలి సంవత్సరమే మ్యాకీ 35 సార్లు బంతిని అందుకొని 726 గజాలు సాధించాడు. ఏడు టచ్‌డౌన్లు చేశాడు. ఆ ఏడాది మేటి ఆటగాళ్ళతో జరిగే ప్రో బౌల్ ఆటకు ఎంపికయ్యాడు. మొత్తం మీద ఐదు పర్యాయాలు, అనగా 1963లోను, 1965 నుండి 1968 వరకు వరుసగాను, ఈ గౌరవం దక్కించుకున్నాడు.

1966 ఇతని ఆటకు శిఖరాయమానమైన సంవత్సరం. ఆ ఏడాది 50 సార్లు బంతిని అందుకొని 829 గజాలు, తొమ్మిది టచ్‌డౌన్లు సాధించాడు. వాటిలో ఆరు టచ్‌డౌన్లు 50 గజాలకు మించిన దూరం నుండి చేసినవి. టైట్ ఎండ్ స్థానం నుండి అంత దూరం పరుగులు తీయడం అప్పటివారికి కొత్త. ఆ ఏడాది డెట్రాయిట్ లయన్స్ జట్టుతో జరిగిన ఆటలో చిన్న దూరపు బంతిని అందుకొని, చుట్టుముట్టిన ప్రత్యర్థులను ఒకరి తరువాత ఒకరిని విదిలించుకొంటూ గీత దాటిన తీరు చలనచిత్రంగా భద్రపరచబడింది. ఆనాటి ఫుట్‌బాల్ గురించి తీసిన చిత్రాలలో ఆ దృశ్యం తరచు కనిపిస్తుంది.

1969లో నేషనల్ ఫుట్‌బాల్ లీగ్ తన 50 సంవత్సరాల ఉత్సవాల సందర్భంగా ప్రకటించిన సార్వకాలిక జట్టులో టైట్ ఎండ్ స్థానానికి మ్యాకీని ఎంపిక చేశారు. అప్పటికి అతడు ఆట మొదలుపెట్టి ఏడేళ్ళు కూడా నిండలేదు.

సూపర్ బౌల్ ఆటలు

మ్యాకీ రెండు సూపర్ బౌల్ ఆటలలో పాల్గొన్నాడు. 1968లో కోల్ట్స్ జట్టు క్లీవ్‌లాండ్ బ్రౌన్స్ జట్టును 34-0 తేడాతో ఓడించి లీగ్ విజేతగా నిలిచింది. అయితే 1969 జనవరి 12న జరిగిన మూడవ సూపర్ బౌల్‌లో, అందరి అంచనాలకు భిన్నంగా, న్యూయార్క్ జెట్స్ జట్టు చేతిలో 16-7 తేడాతో పరాజయం పొందింది.

1971 జనవరి 17న మయామీ నగరంలో డల్లాస్ కౌబాయ్స్ జట్టుతో జరిగిన ఐదవ సూపర్ బౌల్‌లో కోల్ట్స్ 0-6తో వెనుకబడి ఉండగా, యునైటస్ విసిరిన బంతి ఎడ్డీ హింటన్ చేతికి తగిలి పైకి లేచి, మ్యాకీ చేతిలో పడింది. మ్యాకీ పరుగెత్తి గీత దాటాడు. ఈ పాస్ మొత్తం 75 గజాలు. దీనిపై డల్లాస్ ఆటగాళ్ళు అభ్యంతరం తెలిపారు. మధ్యలో ప్రత్యర్థి తాకకుండా ఒకే జట్టుకు చెందిన ఇద్దరు వరుసగా బంతిని తాకడం నాటి నియమాల ప్రకారం చెల్లదు. డల్లాస్ ఆటగాడు మెల్ రెన్‌ఫ్రో కూడా బంతిని తాకాడని నిర్ణేతలు భావించినందున టచ్‌డౌన్ చెల్లింది. చివరకు కోల్ట్స్ 16-13తో గెలిచింది. ఆ నియమాన్ని 1978లో తొలగించారు.

క్రీడాకారుల సంఘం అధ్యక్షుడుగా

1970లో అమెరికన్ ఫుట్‌బాల్ లీగ్, నేషనల్ ఫుట్‌బాల్ లీగ్ విలీనమయ్యాయి. రెండు లీగుల ఆటగాళ్ళ సంఘాలు కూడా ఒకటయ్యాయి. ఈ ఏకీకృత సంఘానికి మొదటి అధ్యక్షుడుగా మ్యాకీ ఎన్నికయ్యాడు. 1973 వరకు ఆ పదవిలో కొనసాగాడు.

ఆనాటి ఆటగాళ్ళ స్థితి నేటిలా ఉండేది కాదు. వారిలో చాలామంది ఆట లేని నెలలలో వేరే ఉద్యోగాలు చేసుకొనేవారు. గాయపడి ఆట మానుకున్నవారికి వచ్చే పింఛను, వైద్య సహాయం స్వల్పం. 1970 వేసవిలో ఒప్పందం కుదరకపోవడంతో శిక్షణ శిబిరాలకు హాజరు విషయమై యజమానులకు, ఆటగాళ్ళకు మధ్య ప్రతిష్టంభన ఏర్పడింది. ఆగస్టు ఆరంభంలో కుదిరిన ఒప్పందం వలన పింఛను, బీమా వంటి సదుపాయాలు కొంత మెరుగుపడ్డాయి. మ్యాకీ హయాంలోనే 1971లో ఎడ్ గార్వీ అనే న్యాయవాది సంఘం కార్యనిర్వాహకుడుగా నియమితుడయ్యాడు.

రొజెల్ నిబంధన, మ్యాకీ వ్యాజ్యం

ఒప్పంద కాలం ముగిసిన ఆటగాడు వేరొక జట్టులో చేరవచ్చునని కాగితం మీద ఉండేది. 1962లో ఆర్. సి. ఓవెన్స్ అనే ఆటగాడు ఆ విధంగానే శాన్ ఫ్రాన్సిస్కో జట్టును వదలి బాల్టిమోర్ కోల్ట్స్‌లో చేరాడు. దీనితో కలవరపడిన యజమానులు 1963లో కొత్త నిబంధన చేశారు. దాని ప్రకారం, ఆటగాడిని చేర్చుకున్న కొత్త జట్టు అతని పాత జట్టుకు పరిహారం చెల్లించాలి. రెండు జట్లకు పొత్తు కుదరకపోతే లీగ్ కమిషనర్ తన విచక్షణతో కొత్త జట్టులోని ఆటగాళ్ళను గాని, భావి ఎంపిక హక్కులను గాని పాత జట్టుకు ఇప్పించవచ్చు. అప్పటి కమిషనర్ పీట్ రొజెల్ పేరు మీద దీనికి రొజెల్ నిబంధన అనే పేరు వచ్చింది.

ఎవరిని కోల్పోవలసి వస్తుందో ముందుగా తెలియదు కనుక, ఇతర జట్ల ఆటగాళ్ళను తీసుకోవడానికి యజమానులు వెనుకాడేవారు. 1963 నుండి 1974 వరకు 176 మంది ఆటగాళ్ళు తమ ఒప్పంద కాలాన్ని పూర్తిచేసుకోగా, వారిలో వేరే జట్లలో చేరగలిగినవారు 34 మంది మాత్రమే. రొజెల్ స్వయంగా పరిహారం నిర్ణయించినది నాలుగు సందర్భాలలోనే. అయినా ఆ నాలుగు నిర్ణయాల భయమే మిగిలినవారి దారిని మూసివేసింది. పోటీ లేనందున జీతాలు కూడా పెరగలేదు.

1972లో మ్యాకీ, మరికొందరు ఆటగాళ్ళు ఈ నిబంధన గుత్తాధిపత్య నిరోధక చట్టానికి విరుద్ధమని మినియాపొలిస్‌లోని ఫెడరల్ న్యాయస్థానంలో వ్యాజ్యం వేశారు. సుదీర్ఘమైన విచారణ అనంతరం 1975 డిసెంబరులో న్యాయమూర్తి ఎర్ల్ లార్సన్ ఆటగాళ్ళకు అనుకూలంగా తీర్పు చెప్పాడు. 1976లో అప్పీలు న్యాయస్థానం దానిని సమర్థించింది. ఆటగాడి సామర్థ్యంతో నిమిత్తం లేకుండా అందరికీ, కాలపరిమితి లేకుండా వర్తించే ఈ నిబంధన అసమంజసమని, ఇది ఇరుపక్షాల నిజమైన బేరసారాల ఫలితం కాదని నిర్ధారించింది. అయితే ఇటువంటి విషయాలను చర్చల ద్వారా పరిష్కరించుకొనడం మేలని కూడా సూచించింది.

1977 ఒప్పందంలో మరొక రకమైన పరిహార పద్ధతి చోటుచేసుకోవడంతో ఆటగాళ్ళు జట్టు మారడం అరుదుగానే సాగింది. 1987 సమ్మె తరువాత మరికొన్ని వ్యాజ్యాలు నడిచాయి. 1992లో ఫ్రీమన్ మెక్‌నీల్ వ్యాజ్యంలో ఆటగాళ్ళు గెలిచిన పిదప, 1993లో నిజమైన స్వేచ్ఛ లభించింది. ఆ తరువాత పెరిగిన జీతాలలో ఒక్క డాలరు కూడా మ్యాకీకి దక్కలేదు. వ్యాజ్యం మొదలైన 1972 సంవత్సరంతోనే అతని ఆట ముగిసింది.

హాల్ ఆఫ్ ఫేమ్

సార్వకాలిక జట్టులో స్థానం పొందిన మ్యాకీకి హాల్ ఆఫ్ ఫేమ్ ప్రవేశం చాలా కాలం లభించలేదు. సంఘం నాయకత్వం, వ్యాజ్యం కారణంగానే ఈ ఆలస్యం జరిగిందని పలువురు క్రీడాకారులు, పత్రికా రచయితలు అభిప్రాయపడ్డారు. చివరకు 1992లో ఎంపికయ్యాడు. డిట్కా తరువాత ఈ గౌరవం పొందిన రెండవ టైట్ ఎండ్ ఇతడే.

కోల్ట్స్ జట్టు 1984లో బాల్టిమోర్ నుండి ఇండియనాపొలిస్‌కు తరలిపోయింది. హాల్ ఆఫ్ ఫేమ్ ఉంగరాన్ని సాధారణంగా ఆటగాడి పాత జట్టు మైదానంలో బహూకరిస్తారు. మ్యాకీ మాత్రం ఇండియనాపొలిస్‌లో కాక, తాను ఆడిన బాల్టిమోర్‌లోనే దానిని స్వీకరించాడు.

అనారోగ్యం, 88 పథకం

2000 ప్రాంతంలో మ్యాకీ ప్రవర్తనలో, జ్ఞాపకశక్తిలో మార్పులు కనిపించాయి. వైద్యులు ఇది మెదడు ముందు భాగాన్ని, కణత వైపు భాగాలను క్షీణింపజేసే డిమెన్షియా అని తేల్చారు. కాలక్రమేణా అతనికి మనుషులను గుర్తించడం కష్టమయింది. కాని సూపర్ బౌల్ ఉంగరం, హాల్ ఆఫ్ ఫేమ్ ఉంగరం ఎప్పుడూ వేళ్ళకు ఉండేవి. ఒక విమానాశ్రయంలో తనిఖీ కొరకు వాటిని తీయమన్నప్పుడు నిరాకరించి సిబ్బందితో పెనుగులాడవలసి వచ్చింది.

ఇతనికి వచ్చే పింఛను నెలకు 2,500 డాలర్లకు లోపే. సంరక్షణ గృహాల ఖర్చుకు అది ఏమాత్రం చాలదు. ఆరోగ్య బీమా కొరకు సిల్వియా యాభై ఏళ్ళు దాటిన వయస్సులో విమాన పరిచారికగా ఉద్యోగంలో చేరింది. 2006లో ఆమె లీగ్ కమిషనర్ పాల్ టాగ్లియాబూకు తమ పరిస్థితిని వివరిస్తూ లేఖ వ్రాసింది. దాని ఫలితంగా 2007లో లీగ్, క్రీడాకారుల సంఘం కలసి 88 పథకాన్ని ప్రారంభించాయి. డిమెన్షియాతో బాధపడే మాజీ ఆటగాళ్ళకు సంరక్షణ గృహంలో ఉంటే సంవత్సరానికి 88,000 డాలర్ల వరకు, ఇంటివద్ద ఉంటే 50,000 డాలర్ల వరకు సహాయం అందేది. ఈ సహాయం పొందడానికి వ్యాధికి ఆటే కారణమని నిరూపించనవసరం లేదు. తరువాతి కాలంలో సహాయం మొత్తాన్ని పెంచారు.

మరణం, అనంతర పరిణామాలు

జాన్ మ్యాకీ 2011 జూలై 6న బాల్టిమోర్‌లో తన 69వ యేట మరణించాడు. ఆ సమయంలో లీగ్ యజమానులు, ఆటగాళ్ళ మధ్య మరొకసారి ఒప్పందం కుదరక, శిక్షణ మైదానాలు మూతపడి ఉన్నాయి.

కుటుంబ సభ్యులు ఇతని మెదడును పరిశోధన కొరకు బోస్టన్ విశ్వవిద్యాలయానికి అప్పగించారు. తలకు పదేపదే తగిలే దెబ్బల వలన కలిగే సి.టి.ఇ. అనే మెదడు వ్యాధి ఇతనికి ఉన్నట్లు పరీక్షలో తేలింది. ఈ వ్యాధిని మరణానంతరం మెదడు కణజాలాన్ని పరీక్షించి మాత్రమే నిర్ధారించగలరు. 2011 నుండి వేలాది మాజీ ఆటగాళ్ళు తలగాయాల విషయమై లీగ్ పై వ్యాజ్యాలు వేయగా, 2015లో న్యాయస్థానం పరిహార ఒప్పందాన్ని ఆమోదించింది.

గణాంకాలు, గౌరవాలు

* ఆడిన ఆటలు: 139. పది సంవత్సరాలలో ఒక్క ఆటకు మాత్రమే దూరమయ్యాడు.
* అందుకున్న బంతులు: 331. సాధించిన దూరం: 5,236 గజాలు. సగటు: 15.8 గజాలు.
* బంతిని అందుకొని చేసిన టచ్‌డౌన్లు: 38.
* 2000 నుండి అమెరికా కళాశాలలలో ఉత్తమ టైట్ ఎండ్‌కు ఏటా జాన్ మ్యాకీ పురస్కారం అందజేస్తున్నారు.
* 2007లో సిరక్యూస్ విశ్వవిద్యాలయం ఇతని గౌరవార్థం 88వ సంఖ్య చొక్కాకు విశ్రాంతినిచ్చింది.