కన్నుమూసినా తెర వీడని తారకరాముడు

పామర్రు: నటసార్వభౌముడు నందమూరి తారక రామారావు కన్నుమూసి దాదాపు మూడు దశాబ్దాలు. అయినా తెరపై ఆయన రాకపోకలు ఆగలేదు. జీవించి ఉండగా ధరించిన పాత్రలు ఒక ఎత్తయితే, మరణానంతరం తెరపై సాగుతున్న జీవితం మరో ఎత్తు.

కొలువు వీడి కళారంగానికి...

కృష్ణా జిల్లా నిమ్మకూరులో 1923 మే 28న రైతు కుటుంబంలో ఆయన జన్మించారు. విజయవాడలో చదివే రోజుల్లోనే నాటకాలపై మక్కువ పెంచుకున్నారు. గుంటూరు ఆంధ్ర క్రైస్తవ కళాశాలలో పట్టభద్రుడయ్యాక సబ్‌రిజిస్ట్రార్ ఉద్యోగం లభించింది. నలుగురూ గొప్పగా చెప్పుకొనే ఆ కొలువుకు కొద్ది వారాలకే స్వస్తి పలికి మద్రాసు దారి పట్టారు. 1949లో 'మనదేశం' చిత్రంతో వెండితెరకు పరిచయమయ్యారు. 1951లో 'పాతాళభైరవి' తిరుగులేని కథానాయకుడిగా నిలిపింది. 1957లో 'మాయాబజార్' విడుదలయ్యాక తెలుగువారి మనసుల్లో శ్రీకృష్ణుడికి ఆయన రూపమే స్థిరపడిపోయింది. 1977లో 'దానవీరశూరకర్ణ'కు స్వయంగా దర్శకత్వం వహిస్తూ కర్ణుడు, కృష్ణుడు, దుర్యోధనుడు పాత్రలను తానే పోషించారు.

1982 మార్చి 29న తెలుగుదేశం పార్టీని స్థాపించి, 1983 జనవరి 9న ముఖ్యమంత్రిగా ప్రమాణ స్వీకారం చేశారు. 1996 జనవరి 18న హైదరాబాద్‌లో తుదిశ్వాస విడిచారు.

మళ్లీ తెరపైకి...

పదకొండేళ్ల తర్వాత, 2007లో రాజమౌళి దర్శకత్వంలో వచ్చిన 'యమదొంగ'లో ఆయన మళ్లీ దర్శనమిచ్చారు. పాత దృశ్యాలకు గ్రాఫిక్స్ జోడించి, మనవడు జూనియర్ ఎన్టీఆర్‌తో కలిసి కనిపించేలా తీర్చిదిద్దారు. 2010లో 'మాయాబజార్' రంగులద్దుకుని థియేటర్లకు వచ్చింది. నలుపు తెలుపుల్లో కన్నయ్యను చూసిన తాతలు, మనవలను వెంటబెట్టుకొని వెళ్లే భాగ్యం కలిగింది.

ఆ పలుకు ఎవరిది?

2025 మేలో కడపలో జరిగిన తెలుగుదేశం మహానాడులో ఆయన రూపం ఏకంగా ప్రసంగమే చేసింది. అది కృత్రిమ మేధ సృష్టి. అభిమానులు పులకించారు. అయితే మునుపటి పునరాగమనాలకూ దీనికీ ఒక భేదం ఉంది. 'మాయాబజార్'కు రంగులు కొత్తవైనా చిరునవ్వు ఆయనదే. 'యమదొంగ'లో చుట్టూ ఉన్న లోకం కల్పితమైనా, దానికి మూలం ఆయన కెమెరా ముందు నిలిచిన పాత దృశ్యమే. మహానాడులో వినిపించిన ప్రసంగం మాత్రం ఆయన నోట ఏనాడూ వెలువడనిది. ఆ మాటలు సబబేనా, కాదా అని చెప్పడానికి ఆయన లేరు.

దుర్యోధనుడి సుదీర్ఘ సంభాషణలను గుక్కతిప్పుకోకుండా పలికిన కంఠమది. ఆ ఉచ్చారణ వెనుక ఏళ్ల తరబడి చేసిన సాధన ఉంది. యంత్రం ఆ గొంతును అనుకరించగలదు గానీ, ఆ మాటకు పూచీ పడలేదు. ముందుతరాలకు ఆయన తెరపైనే పరిచయం కావాలి. కనుక ఏది ఆయన నటించినదో, ఏది ఆయన పేరిట అల్లినదో ప్రతిసారీ స్పష్టంగా తెలపడం కనీస మర్యాద. సుమారు 300 చిత్రాలు ఆయన సొంత స్వరంతో నేటికీ పలుకుతూనే ఉన్నాయి. మహానటుడికి చిరంజీవత్వం ప్రసాదించడానికి అవి చాలు.