గిట్టనివాడు వ్రాసిన సాక్ష్యము

విశ్వాస ప్రమాణములో మనము పొంతి పిలాతు పేరు పలుకుచున్నాము. లూకా 3వ అధ్యాయములోనున్న ఆ పేరును, క్రైస్తవులు గిట్టని రోమా చరిత్రకారుడు టాసిటస్ కూడ వ్రాసియుంచెను.

ఇతడు క్రీ.శ. 97లో కాన్సల్ అను ఉన్నత పదవి పొందెను. క్రూరుడైన దొమీషియను చక్రవర్తి క్రింద నోరు మెదపక కొలువు చేసి, అతడు చచ్చిన పిమ్మట 98లో తన మామ అగ్రికోలా చరిత్ర వ్రాయుచు, తమ మౌనమునకు సిగ్గుపడెను.

తరువాత వ్రాసిన అన్నల్స్ అను గ్రంథములో, 64లో రోము తగులబడగా నీరో ఆ నేరమును క్రైస్తవులపై మోపి చంపించెననియు, తిబెరి కైసరు కాలమున పిలాతు క్రీస్తునకు మరణశిక్ష వేసెననియు తెలిపెను. మన విశ్వాసమును కీడైన మూఢనమ్మకమని నిందించెను. అయినను జనులు ఆ హతులపై జాలిపడిరను సంగతి దాచలేదు.

11వ శతాబ్దములో ఇటలీలోని మోంటే కసీనో మఠమున చేతితో వ్రాసిన ప్రతివలననే ఈ భాగము మనకు దక్కినది. ఆ సన్యాసులు తమ మతముపై పడిన నిందను చెరిపివేయలేదు. చెరిపియుండినయెడల సాక్ష్యమును పోయెడిది.

మనమును గిట్టనివారి నోటనున్న సత్యమును వినునట్లు, గిట్టనివారినిగూర్చి సత్యమే పలుకునట్లు ప్రభువు కృపనిచ్చును గాక.