తీర్పు కంటె దీర్ఘాయువు గల నివేదిక

ఈ వారం లేఖ ఢిల్లీ నుంచి కాక భిలాయి నుంచి రాస్తున్నాను. ఉక్కు కర్మాగారం చుట్టూ వెలసిన ఈ పట్టణంలో ఉత్తరాంధ్ర జిల్లాల నుంచి వచ్చి తరాలుగా స్థిరపడిన తెలుగు కుటుంబాలు అనేకం. ఇక్కడి మొదటి బ్లాస్ట్ ఫర్నేస్‌ను రాష్ట్రపతి రాజేంద్రప్రసాద్ 1959 ఫిబ్రవరి 4న ప్రారంభించారు. అదే సంవత్సరం సెప్టెంబరులో ఒక న్యాయమూర్తి కేంద్ర ప్రభుత్వానికి ఒక నివేదిక సమర్పించారు. మొదటి సంఘటన పాఠ్యపుస్తకాలకెక్కింది. రెండవది పేటెంటు న్యాయవాదులకు తప్ప ఇతరులకు అంతగా తెలియదు. ఐతే ఈ దేశంలో మందుబిళ్ళ సామాన్యునికి అందే ధరకు దొరుకుతున్నదంటే, దాని మూలాలు చాలావరకు ఆ నివేదికలోనే ఉన్నాయి.

ఆ న్యాయమూర్తి ఎన్. రాజగోపాల అయ్యంగార్.

ఈ రెండు సంఘటనలకూ సంబంధం లేకపోలేదు. స్వాతంత్ర్యం వచ్చిన కొత్తలో దేశాన్ని వేధించిన ప్రశ్న ఒక్కటే: పరిజ్ఞానమంతా పరాయివారి చేతిలో ఉండగా పరిశ్రమలు ఎట్లా పెట్టడం? ఉక్కు విషయంలో దీనికి సమాధానం 1955లో సోవియట్ యూనియన్‌తో కుదిరిన ఒప్పందంలో దొరికింది. యంత్రాలూ, నక్షాలూ, ఇంజనీర్లూ భిలాయికి వచ్చారు. మనవారు పని నేర్చుకున్నారు. మందుల విషయం అట్లా కాదు. అక్కడ పరిజ్ఞానానికి పేటెంటు అనే తాళం ఉన్నది. ఆ తాళం బ్రిటిష్ ప్రభుత్వం 1911లో చేసిన చట్టం.

స్వతంత్ర ప్రభుత్వం ఈ చట్టాన్ని పరిశీలించేందుకు 1948లో లాహోర్ హైకోర్టు మాజీ న్యాయమూర్తి బక్షీ టేక్‌చంద్ అధ్యక్షతన సంఘాన్ని వేసింది. దాని సిఫార్సులను అనుసరించి 1953లో వచ్చిన బిల్లు చట్టం కాకుండానే మురిగిపోయింది. అప్పుడు ప్రభుత్వం దృష్టి మద్రాసు హైకోర్టు న్యాయమూర్తిగా ఉన్న అయ్యంగార్ వైపు మళ్ళింది. ట్రేడ్ మార్కుల చట్ట సవరణపై 1955లో ఆయన ఇచ్చిన నివేదిక ఆయన సామర్థ్యాన్ని అప్పటికే నిరూపించింది. 1957లో పేటెంట్ల చట్టాన్ని పరిశీలించే బాధ్యతను ఆయన ఒక్కరికే అప్పగించారు.

ఆ నివేదికను నేను పార్లమెంటు గ్రంథాలయంలో చదివాను. ఆవేశం మచ్చుకైనా కనిపించని రచన అది. మన దేశంలో ఇచ్చిన పేటెంట్లలో పదింట ఎనిమిది తొమ్మిది విదేశీయులవేనని, వాటిలో అత్యధిక భాగం ఇక్కడ వస్తూత్పత్తికి ఉపయోగపడటం లేదని ఆయన లెక్కలతో చూపారు. పరిశ్రమ పెట్టడానికి కాక ఇతరులు పెట్టకుండా అడ్డుకోవడానికే ఆ హక్కులు ఉపయోగపడుతున్నాయన్నది సారాంశం. ఐనా పేటెంట్లను పూర్తిగా రద్దు చేయాలన్న వాదాన్ని ఆయన అంగీకరించలేదు. చట్టాన్ని దేశ పరిస్థితికి తగినట్లు మలచుకోవాలన్నారు.

ఆహారం, మందుల విషయంలో ఆయన చేసిన సిఫార్సు చరిత్రాత్మకమైనది. వాటిని తయారు చేసే విధానానికే పేటెంటు ఇవ్వాలి, తయారైన వస్తువుకు ఇవ్వరాదన్నారు. ఊరికి పోయే ఒక దారిపై హక్కు ఇవ్వవచ్చును గాని ఊరిపైనే హక్కు ఇస్తే ఇక ఎవ్వరూ అక్కడికి చేరలేరు. రసాయన శాస్త్రంలో ఒకే మందుకు అనేక దారులుంటాయి. జర్మనీ 1877 చట్టంలో ఈ పద్ధతినే పాటించి తన రసాయన పరిశ్రమను పెంచుకున్నది.

1960లో అయ్యంగార్ సుప్రీంకోర్టుకు వచ్చి 1964 డిసెంబరు వరకు ఉన్నారు. ఆ కాలంలో ఆయన రాసిన తీర్పులలో నేటికీ చర్చకు వచ్చేది 1962 నాటి ఖరక్ సింగ్ కేసు. ఉత్తరప్రదేశ్‌లో దోపిడీ కేసు నుంచి బయటపడిన ఒక వ్యక్తి ఇంటికి పోలీసులు అర్ధరాత్రి వచ్చి తలుపు తట్టేవారు. ఈ రాత్రి సోదాలు చెల్లవని అయ్యంగార్ మెజారిటీ తరఫున తీర్పు చెప్పారు. కాని వ్యక్తి కదలికలపై నిఘాను సమర్థించారు. ఏకాంత హక్కు రాజ్యాంగంలో లేదన్నారు. దీనితో విభేదించి, ఆ నిఘా మొత్తం రాజ్యాంగ విరుద్ధమేనన్న న్యాయమూర్తులలో మన కోకా సుబ్బారావు ఒకరు, జె.సి. షా మరొకరు.

పదవీ విరమణ తరువాత కూడా ఆయనకు తేలిక పనులు దక్కలేదు. కాశ్మీర్ మాజీ ప్రధాని బక్షీ గులాం మహమ్మద్‌పై వచ్చిన అవినీతి ఆరోపణలను విచారించి, కొన్ని రుజువైనట్లు తేల్చారు. 1968లో ప్రెస్ కౌన్సిల్ అధ్యక్షులైనారు. ఎమర్జెన్సీ ప్రభుత్వం ఆ కౌన్సిల్‌నే రద్దు చేయడంతో 1976 జనవరి 1న ఆ పదవి ముగిసింది.

ఈలోగా పేటెంట్ల నివేదిక ప్రయాణం నత్తనడకన సాగింది. 1965లో వచ్చిన బిల్లు మూడవ లోక్‌సభతోపాటే అంతరించింది. 1967లో మళ్ళీ ప్రవేశపెట్టారు. విదేశీ కంపెనీల అభ్యంతరాలు వెల్లువెత్తాయి. సంయుక్త సంఘం పరిశీలన జరిగింది. చివరకు 1970లో చట్టమై, 1972 ఏప్రిల్ 20న అమలులోకి వచ్చింది. మందుల తయారీ విధానంపై పేటెంటుకు గరిష్ఠంగా ఏడేళ్ళే గడువు నిర్ణయించారు.

దాని ఫలితం తెలుగు పాఠకులకు వేరే చెప్పనక్కరలేదు. భిలాయి వలెనే సోవియట్ సహాయంతో హైదరాబాదులో ఐ.డి.పి.ఎల్. కర్మాగారం వెలసింది. అక్కడ పనిచేసిన కె. అంజిరెడ్డి 1984లో డాక్టర్ రెడ్డీస్ స్థాపించారు. పని నేర్పింది ఆ కర్మాగారం, నేర్చిన పనిని స్వేచ్ఛగా చేసుకోనిచ్చింది ఆ చట్టం. 2001లో సిప్లా కంపెనీ ఎయిడ్స్ మందులను రోజుకు ఒక డాలరు కంటె తక్కువకే ఇస్తానని ప్రకటించగలిగింది కూడా ఈ పునాది మీదనే. కొత్త మందులు కనుగొనే పరిశోధనలో మనం వెనుకబడినామన్న విమర్శ ఉన్నది. అందులో నిజం లేకపోలేదు. కాని రోగి ముందు బ్రతకాలి కదా!

ప్రపంచ వాణిజ్య సంస్థ నిబంధనల వల్ల 2005లో వస్తువుపై పేటెంటును తిరిగి ఒప్పుకోక తప్పలేదు. ఐనా వామపక్షాల మద్దతుపై నిలిచిన నాటి ప్రభుత్వం, పాత మందుకు చిన్న మార్పు చేసి కొత్త పేటెంటు కోరే ఎత్తుగడను అడ్డుకునే నిబంధనకు చట్టంలో చోటిచ్చింది. 2013 ఏప్రిల్ 1న నోవార్టిస్ కేసులో సుప్రీంకోర్టు ఆ నిబంధనను అనుసరించే తీర్పు చెప్పింది. ఆ తీర్పులో అయ్యంగార్ నివేదికను విస్తారంగా చర్చించింది.

విధి విచిత్రం చూడండి. న్యాయపీఠం నుంచి అధికారంతో ఆయన చెప్పిన మాట నిలవలేదు. 2017 ఆగస్టు 24న తొమ్మిది మంది న్యాయమూర్తులు ఏకాంతం ప్రాథమిక హక్కేనని నిర్ణయించి ఖరక్ సింగ్ తీర్పులోని ఆ భాగాన్ని తోసిపుచ్చారు. వారిలో కృష్ణా జిల్లాకు చెందిన జాస్తి చలమేశ్వర్ ఒకరు. సుబ్బారావు మైనారిటీ అభిప్రాయానికి అర్ధ శతాబ్దం దాటాక గెలుపు దక్కింది. కాగా ఎవరినీ కట్టుబరచే శక్తి లేని అయ్యంగార్ నివేదిక చట్టమై, ఆ చట్టం మారిన తరువాత కూడా న్యాయస్థానాలకు దారి చూపుతున్నది. రాజ్యాంగంలోని అక్షరాన్ని పట్టుకున్నచోట ఆయన ఓడినారు. అంకెల వెనుక ఉన్న ప్రజలను చూసినచోట గెలిచారు.

స్వేచ్ఛా వాణిజ్య ఒప్పందాల చర్చలలో మందులపై కంపెనీల హక్కులను ఇంకా పెంచాలన్న ఒత్తిడి ఇటీవలి సంవత్సరాలలో పదే పదే వచ్చింది. ఇకముందూ వస్తుంది. అటువంటి ఒప్పందంపై సభలో మాట్లాడదలచిన సభ్యులు ముందుగా గ్రంథాలయానికి వెళ్ళి 1959 నాటి ఆ సంపుటాన్ని తిరగవేయడం మంచిది. అందులోని అంకెలు పాతబడి ఉండవచ్చు. వాటిని ముందు పెట్టుకుని ఆయన అడిగిన ప్రశ్న పాతబడలేదు.