పెద్దబాతుల కాలికి వాక్యము కట్టిన వేటగాడు

ధ్యాన భాగములు: ద్వితీయోపదేశకాండము 22:6-7, యిర్మీయా 8:7, మార్కు 11:22.



మోషే ధర్మశాస్త్రములోని గొప్ప ఆజ్ఞల నడుమ మనము గమనింపక దాటిపోవు చిన్న ఆజ్ఞ యొకటి యున్నది. దారిని పోవువానికి పక్షిగూడు దొరికినయెడల అతడు పిల్లలను తీసికొనవచ్చును గాని, పొదుగుచున్న తల్లిని మాత్రము పోనియ్యవలెను. ఈ ఆజ్ఞ ఆకలిగొన్నవాని నోరు కట్టలేదు, వేటను మాన్పలేదు. పట్టుకొను చేతికి ఒక హద్దు పెట్టినది. తల్లి బ్రదికియున్నయెడల మరుసటి యేడు మరల గూడుండును. తల్లిని కూడ కోసికొని తిన్నవాడు తన బిడ్డల కూడు తానే తిన్నవాడగును.

ఈ నెల ఒక వేటగాని జీవితమును మీ యెదుట ఉంచుచున్నాము. హద్దులేని వేటతో ఆరంభించి, హద్దు మేలును తన కన్నులార చూచి, దానిని రెండు దేశముల ప్రజలకు జీవితాంతము బోధించినవాడితడు. ఆయన పేరు జాక్ మైనర్. కెనడా దేశములో ఈ పేరు మిక్కిలి ప్రసిద్ధమైనది.

మైనర్ 1865 ఏప్రిల్ 10వ తేదీన అమెరికాలోని ఒహైయో రాష్ట్రమున డోవర్ సెంటర్ అను ఊరిలో పుట్టెను. 1878లో ఆ కుటుంబము కెనడాకు తరలిపోయి, ఈరీ సరస్సు ఉత్తరపు ఒడ్డున ఒంటారియో రాష్ట్రములోని కింగ్స్‌విల్ సమీపమున స్థిరపడెను. ఇటుకలును, పొలములలో నిలిచిన నీటిని తీయుటకు ఉపయోగించు మట్టి గొట్టములును చేసి కాల్చుట వారి పని. ఆ బాలుడు బడికి వెళ్లినది జీవితము మొత్తములో మూడు నెలలే. యుక్తవయస్సు దాటిన తరువాతగాని ఆయనకు చదువను అలవాటు కాలేదు.

అయినను అడవి ఆయనకు బాగుగా తెలియును. కుటుంబమునకు రాబడి చాలనందున 1880 ప్రాంతములలో ఆయనయు ఆయన సహోదరుడును పక్షులను వేటాడి పట్టణములలో అమ్ముచుండిరి. ఆ దినములలో ఈ పని చేయువారు అమెరికాలోను కెనడాలోను అనేకులుండిరి. ఎన్ని చంపినను, ఎంత అమ్మినను అడుగువారు మిక్కిలి అరుదు. దాని ఫలమేమి? ఆ ఖండములో ఆకాశము కప్పివేయునంత గుంపులుగా ఎగిరిన వలస పావురములు ఒక మనుష్యుని జీవితకాలములోనే నశించిపోయెను. ఆ జాతిలో కడపటి పక్షి 1914 సెప్టెంబరు 1వ తేదీన సిన్సినాటి పట్టణపు జంతు ప్రదర్శనశాలలో చచ్చెను. కోట్లకొలది యున్నదానికి లెక్క యెందుకని తలంచినవారు, కడకు ఒకటే మిగిలినప్పుడు లెక్క నేర్చుకొనిరి.

1898లో మైనర్ ఇంట గొప్ప దుఃఖము కలిగెను. వేటకు వెళ్లినచోట జరిగిన ప్రమాదములో ఆయన సహోదరుడు టెడ్ ప్రాణము విడిచెను. కలిసి అడవి తిరిగిన తోడు పోయెను. ఆ కాలమున మైనర్ దైవభక్తి గలవాడై, ఆదివారపు బడిలో బాలురకు బోధించుచుండెను. బడికి సరిగా వెళ్లని మనుష్యుడు పిల్లలకు బోధింపవలసివచ్చి తానును చదువ నేర్చుకొనెను. మన సంఘములలోను ఇట్టి పెద్దలను మేమెరుగుదుము. వాక్యము కొరకే అక్షరములు నేర్చినవారు వారు.

కెనడా పెద్దబాతులు దేహము గోధుమవన్నెయు, తల మెడ నలుపును, గడ్డమునకు తెల్లని మచ్చయు గల పక్షులు. వేసవిలో ఉత్తరపు చలిదేశమున గూళ్లు పెట్టి, శరత్కాలమున దక్షిణమునకు ఎగిరిపోయి, వసంతమున మరల ఉత్తరమునకు తిరిగి వచ్చును. పక్షులు తమ కాలము నెరుగునని యిర్మీయా ప్రవక్త చెప్పినది ఇట్టివాటిని గూర్చియే గదా! ఇవి పైన ఎగిరిపోవుచు తనను శత్రువుగా గుర్తించి కేకలు వేయుట మైనర్ గమనించెను. శత్రువును గుర్తింపగల పక్షి స్నేహితుని కూడ గుర్తించునని ఆయన తలపోసెను.

1904లో ఆయన రెక్కలు కత్తిరించిన ఏడు పెంపుడు పెద్దబాతులను తెచ్చి తన స్థలములోని చెరువులో విడిచెను. వీటిని చూచి పైన పోవు అడవి గుంపులు దిగునని ఆయన నిరీక్షణ. ఒక సంవత్సరము గడచెను, ఏదియు దిగలేదు. రెండవది, మూడవది గడచెను. నాలుగేండ్లు కనిపెట్టిన పిమ్మట 1908లో పదునొకండు అడవి పెద్దబాతులు ఆ నీటిపై వ్రాలెను. తరువాతి యేండ్లలో గుంపులు గుంపులుగా రాసాగెను. 1913 నాటికి ఆయన నివాసస్థలమంతయు పక్షులకు ఆశ్రయపురమాయెను. చెట్లు నాటుటకు, చెరువులు త్రవ్వుటకు ఒంటారియో ప్రభుత్వము సహాయధనమిచ్చెను. చూడవచ్చినవారి యొద్ద ఆయన ప్రవేశరుసుము తీసికొనలేదు. ఆదివారమున ద్వారము తెరువలేదు.

అయితే ఈ పక్షులు ఎక్కడనుండి వచ్చి ఎక్కడికి పోవుచున్నవి? దీనిని ఎరుగుటకై 1909 ఆగష్టులో ఆయన ఒక బాతు కాలికి తన తపాలా చిరునామా ముద్రించిన అల్యూమినియపు పట్టీని తొడిగెను. 1910 జనవరిలో దక్షిణ కెరొలైనా రాష్ట్రమున ఆండర్సన్ పట్టణపు వైద్యుడొకడు ఆ బాతును కాల్చి, పట్టీని చూచి కబురంపెను. కెనడాలో మేసిన పక్షి చలికాలమునకు అమెరికా దక్షిణభాగమునకు పోవునని దీనివలన రుజువాయెను. 1915 వసంతమున ఒక పెద్దబాతుకు పట్టీ తొడుగగా, అదే సంవత్సరము అక్టోబరులో హడ్సన్ అఖాత ప్రాంతమునుండి ఆ పట్టీ తిరిగి వచ్చెను.

చిరునామాతో పాటు బైబిలులోని చిన్న వచనమొకటి కూడ పట్టీలపై ముద్రించుట ఆయన ఆరంభించెను. దేవునియందలి విశ్వాసమును గూర్చిన మార్కు 11:22 వీటిలో ఒకటి. వేలాది పక్షులు ఈ చిన్న అక్షరములను మోసికొని, బోధకుడు వెళ్లని మంచుదేశములకు ఎగిరిపోయెను. హడ్సన్ అఖాతపు తూర్పు ఒడ్డున వాల్టన్ అను ఆంగ్లికన్ మిషనెరీ పరిచర్య చేయుచుండెను. అక్కడి ఆదిమజాతుల వేటగాండ్రు తాము చంపిన పక్షుల కాళ్లకు వాక్యము కనబడగా, ఆశ్చర్యపడి ఆ పట్టీలను ఆయన యొద్దకు తెచ్చిరి. ఆయన వాటిని పోగుచేసి, పిమ్మట మైనర్‌కు అందజేసెను.

ఇక్కడ ఒక సంగతి ఆలోచింపవలెను. ఒకే పక్షి ఉత్తరమున ఒకని చేతిలోను, నడుమ మరియొకని చేతిలోను, దక్షిణమున వేరొకని చేతిలోను పడుచున్నది. ఒక ఊరివారు నియమము పాటించి, పొరుగూరివారు పాటింపనియెడల ప్రయోజనమేమి? మైనర్ పట్టీలు చాటిన సత్యమిదే. ఇట్టి పక్షులు ఏ ఒక్క దేశపు సొత్తును కావు. కాబట్టి దేశములు కలిసి హద్దు పెట్టవలెను. 1916 ఆగష్టు 16వ తేదీన కెనడా పక్షమున బ్రిటనును, అమెరికా సంయుక్త రాష్ట్రములును వలస పక్షులను గూర్చి ఒడంబడిక చేసికొనెను. దానిని అమలుపరచుటకు కెనడాలో 1917లోను, అమెరికాలో 1918లోను శాసనములు పుట్టెను. మార్చి 10 మొదలు సెప్టెంబరు 1 వరకు, అనగా జతకట్టి గూడుపెట్టి పిల్లలను పెంచు కాలములో, ఈ పక్షుల వేట నిషేధము. మిగిలిన కాలములోను వేట ఋతువు మూడున్నర నెలలకు మించరాదు. తల్లిని పోనిమ్మను పాత ఆజ్ఞ వంటిదే ఇదియు గదా!

నేడును ఆ దేశములలో పెద్దబాతులను వేటాడుట న్యాయసమ్మతమే, అయితే నియమములు పాటించినవానికే. కెనడాలో తుపాకి లైసెన్సుతో పాటు వలస పక్షుల వేట అనుమతిపత్రము కావలెను. దానిపై పక్షుల నివాసభూముల రక్షణకు ధనమిచ్చు స్టాంపు ఉండవలెను. అమెరికాలో రాష్ట్ర లైసెన్సుతో పాటు, పదునారేండ్లు నిండిన ప్రతి బాతు వేటగాడును సమాఖ్య ప్రభుత్వపు బాతు స్టాంపు కొనవలెను. 1934లో దీని వెల ఒక డాలరు. 2015లో 25 డాలర్లాయెను. ఆ సొమ్ములో మిక్కిలి భాగము నీటిభూములు కొని కాపాడుటకే వినియోగమగును. పక్షిని తీసికొనువాడే పక్షి యిల్లు నిలుపవలెనను న్యాయమిది.

దినమునకు ఎన్ని చంపవచ్చునో, చంపినవి ఎన్ని యొద్ద నుంచుకొనవచ్చునో ప్రాంతమును బట్టి లెక్క యున్నది. తుపాకిలో మూడు తూటాలకు మించి పట్టకుండ చేయవలెను. పరిగె ధాన్యము చల్లి ఆశచూపి చంపుట 1935లో అమెరికాలో నిషేధింపబడెను. పెంపుడు బాతులను ఎరగా నిలుపుటయు నిషేధమే. సీసపు గుండ్లు నీటి అడుగున పడియుండగా, మేతతో మింగిన పక్షులు విషమెక్కి చచ్చుచుండెను. కాబట్టి బాతుల వేటలో వాటిని అమెరికా 1991లోను, వలస పక్షుల వేటలో మిక్కిలి భాగమున కెనడా 1999లోను నిషేధించెను. వేటలో దొరికిన పక్షి మాంసమును బజారులో అమ్ముట నిషేధము. మైనర్ యౌవనమున చేసిన వ్యాపారము నేడు నేరమన్నమాట.

అయితే మనుష్యులు చేసిన శాసనములో లోపము లేకపోదు. 1916 నాటి ఒడంబడిక పట్టణములలో కూర్చున్నవారు వ్రాసినది. ఉత్తరదేశమున క్రీ మొదలగు జాతులకు చలికాలపు కరవు తరువాత దొరకు మొదటి ఆహారము వసంతమున వచ్చు పెద్దబాతులే. ఆ కాలములోనే వేట నిషేధమాయెను! వినోదమునకు కాల్చువానికి శరత్కాలము మిగిలెను. బిడ్డల ఆకలి తీర్చుకొనువాడు నేరస్థుడాయెను. ఈ అన్యాయమును సవరించు ఒప్పందముపై 1995లో సంతకములు చేసి, 1999లో అమలులోనికి తెచ్చిరి. దీనులను అడుగక హద్దు పెట్టువారికి ఇదియొక పాఠము.

మైనర్‌లోను లోపమున్నది. పెద్దబాతులను పాటలు పాడు పక్షులను ప్రేమించి, డేగలను, గుడ్లగూబలను, కాకులను శత్రువులని యెంచి పట్టి చంపెను. దీనినిబట్టి పక్షిశాస్త్రజ్ఞులు ఆయనను విమర్శించిరి. వేటాడు పక్షులకు కూడ సృష్టిలో పని యున్నదని నేడు అందరెరుగుదురు. సృష్టికర్త మంచిదన్న దానిని మన యిష్టము చొప్పున మంచి చెడ్డలుగా విభజించు శోధన భక్తులకును కలుగును.

ఆయన 1910 మొదలు సుమారు ముప్పది యేండ్లు ఊరూర తిరిగి ఉపన్యసించెను. 1923లో జాక్ మైనర్ అండ్ ది బర్డ్స్ అను గ్రంథము ప్రచురించెను. 1943లో ఇంగ్లాండు రాజు ఆరవ జార్జి ఆయనకు ఓ.బీ.ఈ. బిరుదమిచ్చెను. 1944 నవంబరు 3వ తేదీన ఆయన కన్నుమూసెను. 1947లో కెనడా పార్లమెంటు ఆయన పుట్టినరోజగు ఏప్రిల్ 10 ఉండు వారమును జాతీయ వన్యప్రాణి వారముగా నిర్ణయించెను. ఆయన నెలకొల్పిన ఆశ్రయము ఆయన తరువాతను నిలిచెను.

మన సంగతి ఏమి? హిమాలయములు దాటి, తలపై రెండు నల్లని చారలు గల పెద్దబాతులు చలికాలమున మన దేశపు చెరువులకు దిగును. పులికాట్, కొల్లేరు ప్రాంతములవారికి వలస బాతులు తెలియనివి కావు. అయితే కెనడాలో వలె ఇక్కడ వేట అనుమతిపత్రము దొరకునని ఎవరును తలంపకుందురుగాక. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టములో మొదట వేట లైసెన్సులుండెను. 1991లో సవరణ చేసి వాటిని తీసివేసిరి. వలస బాతులకు వల వేయుట, విషము పెట్టుట, కాల్చుట, గ్రుడ్లు తీయుట నేరము. తెలియక చేసితినన్నను చట్టము విడువదు. యౌవనులకు ఈ మాట పెద్దలు చెప్పవలెను.

ఒక దేశమున హద్దు మూడున్నర నెలలు. మన దేశమున హద్దు సంపూర్ణము. హద్దు వేరైనను దాని భావమొకటే: మన చేతికి చిక్కినదెల్ల మనది కాదు. చెరువులో చేపకును, అడవిలో కట్టెకును, బావిలో నీటికిని, పొరుగువాని పొలముగట్టునకును ఇదే న్యాయము. ఎవరును చూడని చోట తల్లిపక్షిని పోనిచ్చినవాడే ఆజ్ఞను నిజముగా గైకొన్నవాడు. ఆ ఆజ్ఞకు చేర్చిన వాగ్దానము క్షేమమును దీర్ఘాయువును గూర్చినదని మరువకుడి.

ఈ నెల మీ కుటుంబ ప్రార్థనలో ఆ రెండు వచనములను చదివి, మీ చేతికి హద్దు అవసరమైన చోటు ఏదో ప్రభువు సన్నిధిని ఆలోచించుకొనుడి.