తెర వెనకనుంచి తెర ముందుకి

లాడ్ బజారుకి గాజులకని వెళ్ళినప్పుడల్లా నాకు వనారస గోవిందరావు గారు గుర్తొస్తారు. చార్మినార్ పక్కనున్న ఆ వీధికీ, కడప జిల్లా నాటకాలాయనకీ సంబంధం ఏమిటంటారా? కొట్లో కూర్చుని మనకి గాజులు చూపించేది ఎక్కువగా మగవాళ్ళే. ఆ లక్క గాజుల మీద అద్దాలూ రాళ్ళూ ఒక్కొక్కటే అతికే చేతులు మాత్రం చాలామటుకు ఆడవాళ్ళవి. ఇళ్ళల్లో కూర్చుని చేస్తారు, మనకి కనిపించరు. గోవిందరావు గారింటి ఆడవాళ్ళూ ఒకప్పుడు అలా కనిపించకుండా పనిచేసినవాళ్ళే.

వాళ్ళది తోలుబొమ్మలాట కుటుంబం. పూర్వీకులు మరాఠా దేశం నుంచి వలస వచ్చారు. బొమ్మలాటలో సీతకీ ద్రౌపదికీ గొంతునిచ్చి పాడేది ఇంటి ఆడవాళ్ళే. కానీ తెర మీద కనిపించేది తోలుబొమ్మ! 1885లో సురభి అనే పల్లెలో, ఒక పెళ్ళి సందర్భంగా, బొమ్మల బదులు మనుషులే వేషాలు కట్టి 'కీచకవధ' ఆడారు. దానికి పెద్దదిక్కు గోవిందరావు గారు. ఆ తర్వాత ఆ ఊరి పేరే వాళ్ళకి ఇంటిపేరైపోయింది.

ఆయన చేసిన అసలు సాహసం ఇంకొకటుంది. ఆడవేషాలు మగవాళ్ళే కట్టే కాలం అది. లండన్‌లో కూడా ఆడవాళ్ళు వృత్తిగా నాటకాలు ఆడింది 1660 తర్వాతే. మన దగ్గర 20వ శతాబ్దంలో సైతం సత్యభామ అంటే స్థానం నరసింహారావు గారే. అలాంటి రోజుల్లో గోవిందరావు గారు ఎవరి ఆడపిల్లల్నో కాదు, సొంత ఇంటి ఆడవాళ్ళనే రంగస్థలం మీద నిలబెట్టారు. నలుగురూ ఏమన్నా అననీ, మొగుడూ పెళ్ళాం, మామా కోడలూ కలిసే ఆడారు.

ఆయనకి ముగ్గురు కొడుకులు, పదిమంది కూతుళ్ళు. వాళ్ళ సంసారాలు పెరిగినకొద్దీ నాటక సమాజాలూ పెరిగాయి. వంట, పిల్లల పెంపకం, వేషం అన్నీ ఆ డేరాలోనే. వేషంలో ఉండగానే తల్లికి నొప్పులొచ్చి సురభి కమలాబాయి రంగస్థలం మీదే పుట్టిందని చెప్పుకుంటారు. ఆ కమలాబాయే 1932లో వచ్చిన మొదటి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద'లో లీలావతి.

ఇదంతా చదివి మురిసిపోతూనే నాకో సందేహం. నిండు నెలలతో వేషం కట్టిన ఆ తల్లిది కళాభిమానమా, లేక ఆ పూట టిక్కెట్ల డబ్బు రాకపోతే పొయ్యి వెలగదనే భయమా? ఊరూరా తిరిగే డేరాలో ఆడపిల్ల చదువు మాటేమిటి? నాటకం వద్దు, ఇంకేదైనా చేస్తానంటే కుదిరేదా? గోవిందరావు గారు ఆడవాళ్ళకి రంగస్థలం ఇచ్చారు, నిజమే. దానికి మూల్యం మాత్రం ఆయనొక్కరే చెల్లించలేదు.

ఆ వంశవృక్షం ఎండిపోలేదు. హైదరాబాదు శేరిలింగంపల్లిలో సురభి కాలనీ ఉంది. ఆ కాలనీ పెద్ద నాగేశ్వరరావు గారికి, అదే బాబ్జీ గారికి, 2013లో పద్మశ్రీ వచ్చింది. 2022లో ఆయనా వెళ్ళిపోయారు.

ఈసారి సురభి వాళ్ళ 'మాయాబజార్' పడితే పిల్లల్ని తీసుకెళ్ళండి. ఘటోత్కచుడి మాయలకి చప్పట్లు కొట్టాక, శశిరేఖ వేషం కట్టిన అమ్మాయిని కూడా ఒక్కసారి తీరిగ్గా చూడండి.