కొడుకును సినిమా చదువుకు పంపిన తండ్రి



మొన్నటి పేరెంట్స్ మీటింగ్‌లో ఒక నాన్నగారు తన బాధ చెప్పుకున్నారు. ఎనిమిదో తరగతి చదివే వాళ్లబ్బాయి ఆదివారం వేయిస్తంభాల గుడికి వెళ్లి ఫోన్‌లో ఒక చిన్న వీడియో తీశాడట. మార్కులు తగ్గుతున్నాయని, ఈ పిచ్చి మాన్పించమని నన్ను కోరారు. ఆ రోజు సరైన జవాబు చెప్పలేకపోయాను. ఇంటికి వెళ్లాక రఘుపతి వెంకయ్య గారు గుర్తొచ్చారు.

తెలుగు సినిమా పితామహుడిగా మీకు ఆయన పేరు తెలిసే ఉంటుంది. ఊరు మచిలీపట్నం. చిన్న వయసులోనే మద్రాసు వెళ్లి, మౌంట్ రోడ్డులో ఫొటో స్టూడియో పెట్టారు. వ్యాపారం బాగానే నడిచింది. అయినా 1910 ప్రాంతంలో ఆ స్టూడియోను తాకట్టు పెట్టి, క్రోనోమెగాఫోన్ అనే యంత్రం కొన్నారు. తెరపై బొమ్మ కదులుతుంటే పక్కన గ్రామఫోన్‌లో శబ్దం వినిపించే యంత్రం అది. దాంతో ఊరూరా తిరిగి చిన్న చిన్న చిత్రాలు చూపించారు. సిలోన్, బర్మా దాకా వెళ్లారు. తర్వాత మద్రాసులో గెయిటీ, క్రౌన్, గ్లోబ్ థియేటర్లు కట్టారు.

ఇప్పుడు మనం ఆలోచించాల్సిన విషయానికి వస్తాను. ఆయన తన కొడుకు ప్రకాష్‌ను సినిమా తీయడం నేర్చుకోవడానికి విదేశాలకు పంపారు. మన దగ్గర సినిమా ఒక చదువు అని ఎవరూ అనుకోని రోజులవి. ప్రకాష్ తిరిగొచ్చాక తండ్రీకొడుకులు స్టార్ ఆఫ్ ది ఈస్ట్ సంస్థ పేరుతో 1921లో 'భీష్మ ప్రతిజ్ఞ' అనే మూకీ చిత్రం తీశారు. దర్శకుడూ, భీష్ముడి వేషధారీ ప్రకాషే.

కథ అంతటితో సుఖాంతం కాలేదు. వెంకయ్య గారు అప్పుల్లో పడి, కట్టుకున్న థియేటర్లను పోగొట్టుకున్నారు. 1941లో కన్నుమూశారు. ప్రభుత్వం ఆయన పేరిట అవార్డు పెట్టింది చాలా ఏళ్ల తర్వాత, 1980లో.

పిల్లలను ఐఐటీ ఫౌండేషన్ మాన్పించమని నేను చెప్పడం లేదు. ఇష్టం ఉంటే చాలు, డబ్బు దానంతటదే వస్తుందని కూడా అనను. ఆ నాన్నగారి భయం నిజమైనదే. కానీ వెంకయ్య గారు కొడుకు ఇష్టాన్ని పిచ్చి అనలేదు, దాన్ని పద్ధతిగా నేర్పించారు.

అందుకే ఆ నాన్నగారికి ఫోన్ చేసి ఒక్కటే అడిగాను, ఆ వీడియో పూర్తిగా చూశారా అని. ఇంకా చూడలేదన్నారు. మీ ఇంట్లోనూ అలాంటి వీడియో, బొమ్మ, కథ ఏదైనా ఉంటే ఈ ఆదివారం పిల్లల పక్కన కూర్చుని ఒకసారి చూడండి. మార్కుల గురించి ఆ తర్వాత మాట్లాడుకుందాం.