కాటన్ కాదు, కాట్లీ

గోదావరి కాలవ గట్టు మీద నడిచి బడికి వచ్చినవాళ్ళం మనం. కాటన్ దొర పేరు పుస్తకంలో చదవకముందే మనకు తెలుసు. ధవళేశ్వరం ఆనకట్ట కథ ఇంట్లో తాతలు చెప్పారు, బళ్ళో మాస్టార్లు చెప్పారు. అదే కాలంలో ఉత్తరాన గంగ నుంచి వందల మైళ్ళ కాలవ తవ్వించిన మరో దొర ఉన్నాడనీ, వయసు మళ్ళాక ఆ ఇద్దరికీ పెద్ద తగాదా వచ్చిందనీ నేను తెలుసుకున్నది మాత్రం నీటిపారుదల శాఖలో చేరి, శిక్షణకు రూర్కీ వెళ్ళాకనే. ఆయన పేరు ప్రోబీ థామస్ కాట్లీ. ఆయన కాలవ అవసరం కోసం పుట్టిన కళాశాలే తర్వాత రూర్కీ విశ్వవిద్యాలయం అయింది. కాటన్ దొర గురించి మన సంచికల్లో చాలామంది రాశారు, ఇకముందు కూడా రాస్తారు. అందుకని నేను కాట్లీని ఎంచుకున్నాను.

కాట్లీ 1802 జనవరి 3న ఇంగ్లండులోని సఫోక్ ప్రాంతంలో ఒక పాదిరీ గారింట పుట్టాడు. చార్టర్‌హౌస్ బడిలోనూ, తర్వాత కంపెనీ వారి అడిస్కంబ్ సైనిక విద్యాలయంలోనూ చదివాడు. అతనికంటే ఏడాది చిన్నవాడైన ఆర్థర్ కాటన్ కూడా ఇంచుమించు అవే రోజుల్లో అక్కడే చదివాడు. కాటన్ ఇంజనీర్ల దళంలో చేరి మద్రాసు వైపు వచ్చాడు. కాట్లీ 1819లో ఫిరంగి దళంలో చేరి బెంగాలు వచ్చాడు. అప్పటికి అతనికి పదిహేడేళ్ళు. ఇంజనీరింగులో అతను ప్రత్యేకంగా చదివిందంటూ ఏమీ లేదు. ఈ మాట గుర్తుపెట్టుకోవాలి, ముందు కథకు అవసరం.

1825లో అతన్ని కెప్టెన్ రాబర్ట్ స్మిత్ కింద యమునా నది తూర్పు కాలవ పనిలో వేశారు. అది మొగలాయిల నాటి పాత కాలవ. పూడిపోయి, తుప్పలు మొలిచి ఉంది. మధ్యలో భరత్‌పూర్ కోట ముట్టడికి వెళ్ళి, తిరిగి వచ్చి అదే పనిలో పడ్డాడు. 1830లో కాలవకు నీళ్ళు వదిలారో లేదో, వాలు ఎక్కువై అడుగు కోసుకుపోవడం మొదలైంది. అక్కడక్కడ డ్రాపులు కట్టి ఆ వేగాన్ని అదుపు చేయడం కాట్లీ వంతు అయింది. 1831 నుంచి పన్నెండేళ్ళపాటు ఆ కాలవ బాధ్యత అతనిదే. పుస్తకంలో నేర్చుకోనిదంతా ఆ గట్ల మీద నేర్చుకున్నాడు. మన శాఖలో పాతకాలపు వర్క్ ఇన్‌స్పెక్టర్లు కొందరుండేవారు, నీటి చప్పుడు విని గేటు ఎంత లేచి ఉందో చెప్పేవారు. కాట్లీ ఆ రకం మనిషి అని నాకనిపిస్తుంది.

1837–38లో గంగా యమునల మధ్య దోఆబ్‌లో ఘోరమైన కరువు వచ్చింది. ఎనిమిది లక్షల మంది దాకా చనిపోయారని లెక్క. రెండు పక్కలా రెండు జీవనదులు పారుతుండగా మధ్యనున్న జనం మాడిపోయారు. గంగ నుంచి కాలవ తీయాలన్న ఆలోచన అంతకుముందే ఉన్నా, కరువు తర్వాతే దానికి ప్రాణం వచ్చింది. కాట్లీ ఆరు నెలలు కాలినడకన, గుర్రం మీద దోఆబ్ అంతా తిరిగి లెవెళ్ళు తీశాడు. 1841లో లండన్‌లోని డైరెక్టర్లు ఒప్పుకున్నారు. 1842 ఏప్రిల్‌లో హరిద్వారం దగ్గర తవ్వకం మొదలైంది.

మొదలైందన్న మాటే గానీ, గవర్నర్ జనరల్ ఎలెన్‌బరోకు ఈ పని గిట్టలేదు. కాలవ ముఖ్యంగా పడవలకేనన్నాడు, డబ్బు బిగబట్టాడు. పైగా కాలవలొస్తే జ్వరాలొస్తాయన్న భయం ఒకటి. దాన్ని తేల్చడానికి 1845లో ఒక సంఘాన్ని వేస్తే, వాళ్ళు పాత కాలవల పక్క ఊళ్ళకు వెళ్ళి మనుషుల ప్లీహం వాచిందా లేదా అని పొట్టలు తడిమి చూశారు! దోమ సంగతి లోకానికి ఇంకా తెలియని రోజులవి. నీళ్ళు నిలవకుండా మురుగు కాలవలు సరిగ్గా ఉంటే ముప్పు తక్కువని వాళ్ళు తేల్చిన మాట డెల్టాలో పుట్టిన మనకు కొత్తగా ఏమీ అనిపించదు. హరిద్వారం పండాలది మరో అభ్యంతరం. గంగమ్మను కట్టేస్తారా అని వాళ్ళు అడిగారు. కాట్లీ వాళ్ళతో కూర్చుని మాట్లాడాడు. అడ్డుకట్టలో గంగ స్వేచ్ఛగా పారేందుకు ఖాళీ వదిలాడు, ఘాట్లు బాగుచేయిస్తానన్నాడు, వినాయకుడి పూజతో పని ప్రారంభించాడు. ఈ రోజుల్లో భూసేకరణ సమావేశాలకు వెళ్ళొచ్చే మా శాఖవాళ్ళకు ఈ ఘట్టం ఎంత విలువైనదో తెలుస్తుంది.

ఇంజనీరుగా నేను ఎక్కువ సేపు ఆగేది హరిద్వారం నుంచి రూర్కీ దాకా ఉన్న ఇరవై మైళ్ళ దగ్గర. శివాలిక్ కొండల నుంచి దిగే వాగులు నాలుగు అక్కడ కాలవకు అడ్డం వస్తాయి. ఎండాకాలం ఇసుక, వానాకాలం ప్రళయం. రాణీపూర్, పత్రీ వాగులను కాట్లీ కాలవ మీదుగా దాటించాడు. అంటే కింద కాలవ, పైన వాగు. రత్మౌ అనే మూడోదాన్ని కాలవ మట్టంలోనే అడ్డంగా దాటనిచ్చి, వరదనీరు పోవడానికి తలుపులు పెట్టాడు. నాలుగోది సోలానీ. అది అన్నింటికంటే పెద్దది, పల్లంలో ఉంది. దాని మీదుగా కాలవనే వంతెన ఎక్కించాడు. 50 అడుగుల కమానులు 15, వంతెన పొడవు 920 అడుగులు. దానికి రెండు వైపులా కలిపి మైళ్ళ పొడవున మట్టి గట్టు. నదీగర్భంలో బావుల పునాదులు దింపారు. ఈ దేశపు తాపీ మేస్త్రీలకు తరతరాలుగా తెలిసిన పద్ధతే అది. చుట్టుపక్కల రాయి లేదు కనుక కట్టడమంతా ఇటుకే. ఇటుక కాల్చడం, సున్నంలో సుర్ఖీ కలిపి గచ్చు తయారుచేయడం, అన్నీ అక్కడికక్కడే. మట్టి మోయడానికి పట్టాలు వేసి బళ్ళు నడిపారు. 1851 చివరలో ఆ పట్టాల మీద ఒక ఆవిరి యంత్రాన్ని కూడా దించారు. బొంబాయి నుంచి ఠాణాకు తొలి ప్రయాణికుల రైలు నడిచింది 1853లో అని మనం బళ్ళో బట్టీపట్టాం గదా, సోలానీ ఇంజను అంతకంటే ముందుది.

ఇంత పని చేయించడానికి మనుషులేరీ? అసలు చిక్కు అదే. ఇంగ్లండు నుంచి వచ్చే అధికారులు కొద్దిమంది. లెవెల్ పట్టి చూడగలిగేవాడు, మట్టి పని కొలిచి బిల్లు రాయగలిగేవాడు, ఇటుక మోగించి చూసి మంచిచెడ్డలు చెప్పగలిగేవాడు వందల సంఖ్యలో కావాలి. 1845లో సహారన్‌పూర్‌లో లెఫ్టినెంట్ బెయర్డ్ స్మిత్ కొందరు కుర్రవాళ్ళను పోగుచేసి పని నేర్పడం మొదలుపెట్టాడు. దాన్ని చూసి వాయవ్య రాష్ట్రాల లెఫ్టినెంట్ గవర్నర్ జేమ్స్ థామసన్ 1847లో ఏకంగా ఒక కళాశాలే పెడదామని గవర్నర్ జనరల్ హార్డింజ్‌కు రాశాడు. చోటు కోసం వెతకనక్కరలేదు. రూర్కీలో కాలవ కార్ఖానా ఉంది, కళ్ళెదుట సోలానీ వంతెన లేస్తోంది. పొద్దున పాఠం, సాయంత్రం పని చోటు. లెఫ్టినెంట్ మెక్లగన్‌ను ప్రిన్సిపాలుగా వేశారు. 1848 జనవరిలో తరగతులు మొదలయ్యాయి.

చిత్రమేమిటంటే, ఆ కళాశాల పుట్టిన రోజుల్లో కాట్లీ దేశంలోనే లేడు. 1845 నుంచి 1848 దాకా సెలవు మీద ఇంగ్లండులో ఉన్నాడు. పనులు బేకర్ అనే అధికారి చూసుకున్నాడు. కళాశాల స్థాపకుడన్న పేరు థామసన్‌కే దక్కింది, అది న్యాయమే. కానీ కాట్లీ కాలవ లేకపోతే ఆ కళాశాల అక్కడ, అప్పుడు పుట్టేది కాదు. థామసన్ గురించి ఒక మాట చెప్పాలి. ఆయన 1853 సెప్టెంబరు 27న బరేలీలో కన్నుమూశాడు. సరిగ్గా అదే రోజున లండన్‌లో ఆయన్ని మద్రాసు గవర్నరుగా నియమించారు. బతికి ఉంటే మన జిల్లాలకు ఆయనే గవర్నరయ్యేవాడు. మరుసటి ఏడాది కళాశాలకు ఆయన పేరు పెట్టారు.

కళాశాల గురించి పొగడ్తలే రాస్తే సరిపోదు. అందులో మూడు తరగతులుండేవి. పై తరగతి ఇంజనీర్లకు, నడిమిది తెల్ల సోల్జర్లను ఓవర్సీర్లుగా తయారుచేయడానికి, కిందిది దేశీయ సర్వేయర్లకు. అంటే పై మెట్టు మీద ఎక్కువగా తెల్లవాళ్ళు, కొలత గొలుసు మనవాళ్ళ చేతికి. అయినా మనవాళ్ళు ఆ కింది మెట్టు నుంచే పైకి వచ్చారు. 1873లో బంగారు పతకంతో బయటికి వచ్చిన గంగారామ్ తర్వాత లాహోరులో ఎన్ని భవనాలు కట్టాడో, ఎత్తిపోతల నీళ్ళతో ఎంత బీడును సాగులోకి తెచ్చాడో చెప్పాలంటే మరో వ్యాసం కావాలి. ఢిల్లీలో ఆయన పేరున్న ఆస్పత్రి మీలో చాలామందికి తెలిసే ఉంటుంది.

కాట్లీ తిరిగి వచ్చి పని పూర్తిచేశాడు. 1854 ఏప్రిల్ 8న రూర్కీలో కాలవ తెరిచారు. ప్రధాన కాలవ 348 మైళ్ళు, శాఖలు 306 మైళ్ళు, పిల్లకాలవలు 3,000 మైళ్ళకు పైగా. ఆ ఏడాదే ఆయన ఉద్యోగం వదిలి ఇంగ్లండు వెళ్ళిపోయాడు. అక్కడ సర్ బిరుదు ఇచ్చారు, 1858 నుంచి పదేళ్ళు ఇండియా కౌన్సిల్ సభ్యుడుగా ఉన్నాడు. ఇంకో సంగతి. కాలవ పనుల మధ్యలో శివాలిక్ కొండల్లో దొరికిన పురాతన జంతువుల ఎముకల మీద ఫాల్కనర్ అనే వైద్యుడితో కలిసి పనిచేసి, 1837లోనే భూగర్భ శాస్త్రజ్ఞుల వొలాస్టన్ పతకం అందుకున్నాడు. ఆ ఎముకలు పెట్టెలకు పెట్టెలు బ్రిటిష్ మ్యూజియానికి చేరాయి.

ఇక తగాదా. 1863లో కాటన్ గంగ కాలవను చూసి, అది తప్పులకుప్ప అని రాశాడు. కాలవ తల అంత ఎగువన, కొండల మొదట్లో పెట్టకూడదన్నాడు. దిగువన, మన ధవళేశ్వరంలాగా నది విప్పారిన చోట ఆనకట్ట కట్టి ఉంటే ఆ నాలుగు వాగుల గొడవే ఉండేది కాదన్నాడు. వాలు మరీ ఎక్కువైందన్నాడు. కాట్లీ ఊరుకోలేదు, పుస్తకానికి పుస్తకం జవాబు రాశాడు. అరవై దాటిన ఇద్దరు సర్‌లు లండన్‌లో కూర్చుని హరిద్వారం మట్టి గురించి కొట్లాడుకున్నారు. ఈ కాటన్ విమర్శ వెనుక ఒక ప్రైవేటు నీటిపారుదల కంపెనీ ప్రయోజనం కూడా ఉందన్నది విస్మరించడానికి లేదు.

కాటన్ దొర అంటే నాకు మీ అందరికీ ఉన్నంత భక్తీ ఉంది. కానీ తల విషయంలో ఆయన డెల్టా కళ్ళతో ఎగువ దోఆబ్‌ను చూశాడని నా అభిప్రాయం. దిగువ నుంచి తీస్తే ఎగువ దోఆబ్‌కు నీళ్ళు ఎక్కవు. కరువులో మాడిన నేలల్లో ఆ ఎగువ నేలలూ ఉన్నాయి. 1860–61లో మళ్ళీ కరువు వచ్చినప్పుడు కాలవ కింది పొలాలు పండాయి. వాలు విషయంలో మాత్రం కాటన్ చెప్పిందే నిజం. డ్రాపుల దిగువన అడుగు కోసుకుపోయింది, కట్టడాలకు ముప్పు వచ్చింది, వేగానికి ఎదురుగా పడవలు లాగలేకపోయారు. ఆ పొరపాటును కాట్లీ ఒప్పుకున్నాడు. యమునా కాలవ మీద అదే జబ్బుకు మందు వేసిన మనిషి అంతకు ఎన్నో రెట్లు పెద్ద కాలవలో అదే జబ్బుకు ఎలా చిక్కాడని అడగవచ్చు. సన్నని ఇసుక నేలలో అంత నీరు ఎలా ప్రవర్తిస్తుందో చెప్పే సూత్రం అప్పటికి ప్రపంచంలో ఎక్కడా లేదు. చేతిలో ఉన్నది యూరపువాళ్ళ లెక్క. మన నేలకు సరిపడే లెక్కలు కెనెడీ, లేసీల పుణ్యమా అని దశాబ్దాల తర్వాత వచ్చాయి. అవీ ఇలాంటి కాలవలు కొలిచి కొలిచి రాబట్టినవే.

ప్రభుత్వం చివరికి తల ఉన్నచోటే ఉంచి, కాలవను మరమ్మతు చేయించింది. కాట్లీ 1871 జనవరి 25న లండన్ దగ్గర సిడెన్‌హామ్‌లో చనిపోయాడు. దిగువన నరోరా దగ్గర మరో ఆనకట్ట కట్టి, గంగ దిగువ కాలవకు 1878లో నీళ్ళు వదిలారు. ఆ రకంగా కాటన్ మాట కూడా కొంత నెగ్గింది, కాట్లీ కాలవా నిలిచింది.

కళాశాల వందేళ్ళు అలాగే సాగింది. స్వాతంత్ర్యం వచ్చాక, 1949 నవంబరు 25న విశ్వవిద్యాలయంగా మారింది. స్వతంత్ర భారతంలో మొదటి ఇంజనీరింగ్ విశ్వవిద్యాలయం అదే. నెహ్రూ స్వయంగా వచ్చి పత్రం అందజేశారు. అక్కడే చదివిన ఎ.ఎన్. ఖోస్లా 1954లో దానికి వైస్ ఛాన్సలర్ అయ్యారు. ఇసుక పునాది కింద నీరు ఎలా ఊరుతుందో లెక్క కట్టిన ఆయన సిద్ధాంతాన్ని ఈనాటికీ బ్యారేజీ డిజైన్ చేసే ప్రతివాడూ చదువుతాడు. కృష్ణ మీద నందికొండ చోటును 1952లో పరిశీలించి సిఫారసు చేసిన సంఘానికి అధ్యక్షుడూ ఆయనే. నాగార్జునసాగర్ కుడి కాలవ కింద అత్తవారి ఊళ్ళున్న మన మిత్రులు ఇక్కడ కాస్త ఆగి గుర్తుచేసుకోవచ్చు. 2001లో ఆ విశ్వవిద్యాలయం ఐ.ఐ.టి. అయింది. అక్కడ ఒక హాస్టలు పేరు ఇప్పటికీ కాట్లీ భవన్.

మన డెల్టాలో ఎండాకాలం కాలవలు కట్టేసినట్టే, అక్కడ దసరాకు కట్టేసి దీపావళికి వదులుతారు. ఆ పదిహేను ఇరవై రోజులూ శాఖవాళ్ళకు ఊపిరి సలపదు. పూడిక తీయడం, ఇటుక పని చూడడం, గేట్లకు గ్రీజు పెట్టడం. రూర్కీలో చదివే పిల్లలు నోటు పుస్తకాలతో వచ్చి ఎండిన కాలవలోకి దిగి చూస్తారు.